గట్టు మీద ముగ్గురం

కిందటి వారం పాలకొల్లులో మా పినతండ్రి మనవడు పోయాడని తెలిసి పలకరింపుకి వెళ్ళాను. ముప్పై అయిదేళ్ళు నిండని కుర్రాడు, పొద్దున్నే స్నానానికని వెళ్ళి బాత్రూములోనే కుప్పకూలిపోయాడట. అతని భార్య లోపలి గదిలో గోడకి ఆనుకుని కూర్చుని ఉంది. వచ్చిన ఆడవాళ్ళు ఒకరి తరవాత ఒకరు ఆ పిల్ల మెడ చుట్టూ చేతులు వేసి ఏడ్చి, ఏడిపించి, ముఖాలు కడుక్కుని వసారాలోకి వచ్చి కాఫీలు తాగుతున్నారు. జనం పల్చబడ్డాక నేను వెళ్ళి పక్కన కూర్చుంటే, ఆ పిల్ల చీర మడతలో దాచుకున్న ఫోను తీసి చూపించి, భర్తలు పోయిన ఆడవాళ్ళు కొందరు కలిసి పెట్టుకున్న గ్రూపు ఒకటుందనీ, ఎవరో స్నేహితురాలు తనని అందులో చేర్చిందనీ, ముఖం కూడా తెలియని ఆ మనుషులతో నాలుగు మాటలు చెప్పుకుంటే కాస్త ఊపిరాడుతోందనీ చెప్పింది. చెప్పి, ఇలా చెయ్యడం తప్పా అత్తయ్యగారూ అని అడిగింది.

తప్పేమీ కాదమ్మా అని తల నిమిరి వచ్చేశాను గానీ, బస్సులో కూర్చున్నంతసేపూ నా మనసు పాతికేళ్ళ వెనక్కి వెళ్ళిపోయింది. ఇంటికి చేరి తాళం తీసి, దీపం పెట్టి, అన్నం వండుకున్నా కూడా అది వెనక్కి రాలేదు. అందుకే ఇది రాస్తున్నాను.

మా ఊరు భీమవరానికీ పాలకొల్లుకీ మధ్య, కాలువని ఆనుకుని ఉంటుంది. నేను కాపురానికి వచ్చేనాటికి ఊరి చుట్టూ వరిచేలే. ఆ తరవాత ఒకరిని చూసి ఒకరు చేలు తవ్వి చేపల చెరువులు చేశారు, మా వారూ చేశారు. ఆ చెరువంటే ఆయనకి ప్రాణం. మేత సంచులు కట్టడానికి మనుషులున్నా తెల్లారేసరికి తనే పడవేసుకుని వెళ్ళేవారు. ఏ మూల బొచ్చె చేపలు తిరుగుతున్నాయో, ఏ మూల శీలావతులు మేత వదిలేస్తున్నాయో భోజనం దగ్గర నాకు చెప్పేవారు, నేను మజ్జిగ పోస్తూ సగం వినేదాన్ని, సగం వినేదాన్ని కాదు. ఒక మాఘమాసపు ఉదయం అలాగే వెళ్ళి మరి తిరిగి రాలేదు. పడవ ఒక్కటే నీళ్ళ మధ్య తిరుగుతోందని కాపలా మనిషి పరుగెత్తుకొచ్చి చెప్పాడు. ఈత రానివారు కాదు, చిన్నప్పుడు గోదావరి పాయలు ఈదిన మనిషి. గుండె ఆగి నీళ్ళలో పడిపోయి ఉంటారని డాక్టరు అన్నాడు. అప్పటికి నాకు ముప్పై ఎనిమిదేళ్ళు. ఒక్కతే కూతురు, భీమవరంలో హాస్టల్లో ఉండి ఇంటరు చదువుతోంది.

ఆ తరవాత జరిగేవన్నీ మన ఈడు వాళ్ళకి తెలిసినవే. పదో రోజున ఒళ్ళంతా పసుపు రాసి, తలనిండా పూలు పెట్టి, మోచేతుల దాకా గాజులు తొడిగి, కాలువ రేవుకి తీసుకెళ్ళి అవన్నీ తీసేశారు. తీసినవాళ్ళూ భర్తలు పోయినవాళ్ళే. వాళ్ళ చేతులు నెమ్మదిగానే కదిలాయి గానీ ఒక్కరు కూడా నా ముఖంలోకి చూడలేదు. ఇంటికి తెచ్చి నడవ పక్కన చీకటి గదిలో చాప మీద కూర్చోబెట్టారు. మా అత్తగారు కూడా చిన్నతనంలోనే భర్తని పోగొట్టుకున్నారు. తను పడ్డవన్నీ నేనూ పడితేనే పద్ధతి అనుకున్నారు. వీధి వాకిట్లోకి రాకూడదు, పొద్దున్నపూట ఎవరికీ ఎదురుపడకూడదు, గొంతు పైకి వినబడకూడదు. ఆవిడ చెడ్డమనిషని నేను ఏనాడూ అనుకోలేదు. కడుపున పుట్టినవాణ్ణి పోగొట్టుకున్న తల్లి. అయినా ఒకే ఇంట్లో ఆ గదిలో ఆవిడా, ఈ గదిలో నేనూ ఏడ్చుకున్నాం తప్ప ఒక్కనాడూ కలిసి ఏడవలేదు.

అన్నం ముందు పెడితే తినేదాన్ని, పెట్టకపోతే అడిగేదాన్ని కాదు. దండెం మీద ఆయన చొక్కా ఒకటి ఉతక్కుండా ఉండిపోయింది. ఎవరూ లేనప్పుడు దాన్ని తీసి ముఖానికి ఆనించుకునేదాన్ని. చెమటా, మేత తవుడూ కలిసిన వాసన. ఒకరోజు చూస్తే అత్తగారు దాన్ని శుభ్రంగా ఉతికి దొడ్లో ఆరేశారు. ఆవిడ తెలియక చేసిన పని. ఆయన పోయిన రోజున కూడా నేను అరవలేదు గానీ ఆ రోజు ఇల్లు అదిరిపోయేలా అరిచాను.

ఆ అరుపు దొడ్డి కంచెకి అవతల ఉన్న ఇంట్లో వినబడినట్టుంది. ఆ ఇంట్లో ఒక ముసలావిడ ఉండేవారు, ఊరంతా మామ్మగారనే పిలిచేవారు. ఇరవై ఏళ్ళు నిండకుండానే భర్త పోతే, పిల్లాజెల్లా లేక, తమ్ముడి ఇంటికి వచ్చేసి ఆ తమ్ముడి పిల్లల్నీ, వాళ్ళ పిల్లల్నీ పెంచుకుంటూ ఉండిపోయారు. నోరు పెద్దదని ఊళ్ళో అందరికీ భయం. అప్పటికి మా ఇంటికి పలకరింపులకి వచ్చేవాళ్ళంతా రావడం అయిపోయింది. ఆ మర్నాడు మధ్యాహ్నం ఆవిడ దొడ్డిదారిన, చేటనిండా మునగాకు పట్టుకుని వచ్చారు. నా చాప మీదే కూర్చుని, సగం ఆకు నా ముందు పోసి, "దుయ్యి" అన్నారు. అంతే. అయ్యో అనలేదు, ఎలా జరిగిందని అడగలేదు. ఇద్దరం ఆకంతా దూశాక చేట పట్టుకుని వెళ్ళిపోయారు. మర్నాడు గింజలు తియ్యడానికి చింతపండు తెచ్చారు, ఆ తరవాత ఏరడానికి బియ్యం. చాలా కాలం పోయాక, ఎందుకలా తెచ్చేవారని అడిగితే, "నాకప్పట్లో ఈ చేతులతో ఏం చెయ్యాలో తెలిసేది కాదే అమ్మాయ్. ఖాళీగా ఉంటే పిచ్చెక్కిపోయేది" అన్నారు.

టీచరమ్మని తీసుకొచ్చిందీ ఆవిడే. పక్క వీధిలో అంగన్‌వాడీ నడిపేది టీచరమ్మ, నాకంటే నాలుగైదేళ్ళు పెద్దది. భర్త లారీ డ్రైవరు. నాకంటే కొంత ముందుగానే, తుని దాటాక హైవే మీద జరిగిన ప్రమాదంలో పోయాడు. కొడుకు చిన్నవాడు. "ఇదుగో, ఈవిడా మన జట్టే" అని మామ్మగారు ఆవిడని నా ముందు కూర్చోబెట్టారు.

పోయిన భర్తని ఏ ఆడదైనా తిట్టగా నేను అంతవరకూ వినలేదు. టీచరమ్మ తిట్టేది. "నిద్ర ముంచుకొస్తుంటే బండి పక్కకి ఆపుకోవాలా వద్దా, మీరే చెప్పండి. ఆపలేదండీ. నన్నూ పిల్లాణ్ణీ గాలికొదిలేసి చక్కా పోయాడు" అని పమిటతో కళ్ళు తుడుచుకుని, మళ్ళీ మొదటినించీ అందుకునేది. అది విన్నరోజున నాకు గుండెల మీంచి ఏదో బరువు కాస్త పక్కకి జరిగినట్టయింది. నాకూ కోపంగానే ఉంది. ఛాతీలో నొప్పిగా ఉందని ఒక్కమాట చెప్పకుండా, లుంగీ ఎగ్గట్టుకుని ఎప్పట్లాగే గుమ్మం దిగి వెళ్ళిపోయిన మనిషి మీద పట్టలేనంత కోపం. అలా అనుకోవడం పాపమని ఇన్నాళ్ళూ లోపలే తొక్కిపెట్టుకున్నానని అప్పుడే తెలిసింది.

ఒక మధ్యాహ్నం దొడ్డి వసారాలో ముగ్గురం కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్నాం. తనకి భర్త గురక వినబడకపోతే నిద్ర పట్టడం లేదనీ, అందుకని రేడియోలో ఏ స్టేషనూ రాని చోట ముల్లు ఆపి, ఆ గరగర వింటూ పడుకుంటోందనీ టీచరమ్మ చెప్పింది. "అచ్చం ఆయన గురకేనండీ. మధ్యలో ఓ ఈల కూడా వస్తుంది" అంది. మామ్మగారు ఓ నిమిషం ఆలోచించి, "మా ఆయన గురక పెట్టేవాడో లేదో నాకు గుర్తే లేదే" అన్నారు. అందులో నవ్వాల్సిందేమీ లేదు, అయినా ఎలా మొదలైందో గానీ ముగ్గురికీ నవ్వు ఆగలేదు, కడుపులు పట్టుకుని, కళ్ళలోంచి నీళ్ళు కారేదాకా నవ్వాం. తలెత్తి చూస్తే మా అత్తగారు గుమ్మంలో నిలబడి ఉన్నారు.

"మొగుళ్ళు పోయినోళ్ళు నవ్వే నవ్వులా ఇవి? వీధిలో వినబడితే ఏమనుకుంటారు?" అన్నారు. లోపలికి వెళ్ళి వంటింటి తలుపు వేసేసుకున్నారు. టీచరమ్మ ముఖం చిన్నబుచ్చుకుని లేచి వెళ్ళిపోయింది. ఆ తరవాత చాలా రోజులు రాలేదు.

మామ్మగారు ఊరుకోలేదు. ఆవిడ ఇక్కడికి రాకపోతే మనమే వెళదాం పద అని నా చెయ్యి పట్టుకుని దొడ్డిదారిన పక్క వీధికి తీసుకెళ్ళారు. పదో రోజు తరవాత నేను ఇల్లు దాటడం అదే మొదలు. సందు మలుపులో మోటారుసైకిలు మీద ఏదో పని మీద వెళుతున్న ఊరివాడొకడు నన్ను చూసి బండి ఆపి, పక్కకి ఉమ్మేసి, బండి వెనక్కి తిప్పుకున్నాడు. నాకు భూమి బద్దలైపోతే బాగుండుననిపించింది. మామ్మగారు మాత్రం నా చెయ్యి వదల్లేదు. "ఇంటికెళ్ళి మంచినీళ్ళు తాగి మళ్ళీ బయల్దేరతాడు. వాడికో ఐదు నిమిషాలు ఆలస్యం, నీకేం పోయింది?" అన్నారు. టీచరమ్మ మమ్మల్ని వాకిట్లో చూసి లోపలికెళ్ళి మూడు పీటలు వేసింది.

ఇంతలో చెరువు గొడవ వచ్చిపడింది. ఆ నెలలన్నీ మా మరిది చూసుకుంటున్నాడు. ఒకరోజు భోజనాల దగ్గర, ఆడవాళ్ళకి చెరువులెందుకు వదినా, అదేదో నేను చూసుకుంటాను, మీరు అమ్మాయిని తీసుకుని పుట్టింటికి వెళ్ళండి, అన్నాడు. మర్యాదగానే అన్నాడు. పుట్టింట్లో మా అన్నయ్యకే ఇల్లు గడవడం కష్టంగా ఉంది. అక్కడికి వెళితే ఇంకో చాప మీద, ఇంకో మూల కూర్చోవడమే. అమ్మాయి చదువు అక్కడితో ఆగిపోతుంది. చెరువు నేనే చూసుకుంటానని అనేశాను. అత్తగారు తలెత్తి నా వంక చూశారు. అనడమైతే అన్నాను గానీ, ఆ చెరువున్న దిక్కుకి తల తిప్పి చూసేదాన్ని కూడా కాదు.

అప్పటినించీ రోజూ పొద్దున్నే, అంగన్‌వాడీ తెరవకముందు, టీచరమ్మా మామ్మగారూ మా దొడ్డి దగ్గరికి వచ్చేవారు. ముగ్గురం కాలువ గట్టు మీద నడిచేవాళ్ళం. చెరువుకి నీళ్ళు పెట్టే తూము దాకా వచ్చేసరికి నాకు కళ్ళు తిరిగేవి. అక్కడే చతికిలబడిపోయేదాన్ని. వాళ్ళూ కూర్చునేవారు. పద పద అని తొందరపెట్టేవారు కాదు. మామ్మగారు తమ్ముడి కోడలి మీద చాడీలు చెప్పేవారు, టీచరమ్మ తన దగ్గరికొచ్చే పిల్లల మాటలు చెప్పేది, కాసేపటికి లేచి వచ్చేసేవాళ్ళం. అలా కొన్నాళ్ళకి తూము దాటాను, ఇంకొన్నాళ్ళకి కాపలా పాక దాకా వెళ్ళి మేత సంగతులు అడగగలిగాను. నీళ్ళ దగ్గరికి మాత్రం దిగలేదు. పడవ వంక చూడలేదు.

ఆ ఏడు వానాకాలం చివర్లో రోజుల తరబడి ముసురు పట్టింది. ఒకరోజు తెలతెలవారుతుండగా కాపలా మనిషి వచ్చి, "చేపలు తేలుతున్నాయమ్మా" అన్నాడు. ఎండ లేని రోజుల్లో నీళ్ళలో గాలి తగ్గిపోతే చేపలు పైకి వచ్చి నోళ్ళు తెరుచుకుని కొట్టుకుంటాయి. త్వరగా ఏదో ఒకటి చెయ్యకపోతే చెరువంతా తెల్లగా తిరగబడిపోతుంది. మరిది ఏదో పెళ్ళికని రాజమండ్రి వెళ్ళాడు. నేను మామ్మగారి కంచె దగ్గరికి పరుగెత్తాను, ఆవిడ టీచరమ్మని కేకేశారు.

గట్టు మీదికి వెళ్ళి చూస్తే చెరువు మీద వాన పడుతున్నట్టుంది, కానీ వాన లేదు. అన్నీ చేపల నోళ్ళు. కాపలా మనిషి ఇంజను పెట్టి కాలువ నీళ్ళు తోడిపోస్తున్నాడు, అది ఒక మూలకే చాలుతోంది. మిగతా చెరువంతా పడవ తిప్పి నీళ్ళు కలబెట్టాలి. పడవ అదే. నేను ఒడ్డున అలాగే నిలబడిపోయాను.

టీచరమ్మ చీర కుచ్చిళ్ళు పైకి దోపుకుని పడవలోకి దిగింది. "గోదావరి లంకల్లో పుట్టినదాన్ని, పడవకి గెడ వెయ్యడం నాకొచ్చు. రా" అంది. అంతవరకూ నన్ను మీరు అనే మనిషి. నేను ఎలా దిగానో నాకు తెలియదు. ఆవిడ గెడ వేస్తుంటే, నేను పడవ అంచున కూర్చుని బకెట్టుతో నీళ్ళు ఎత్తి కొడుతూ పోయాను. ఆయన్ని నీళ్ళలోంచి తీసిన చోటు నాకు తెలుసు, అవతలి గట్టున తాటిచెట్టుకి సూటిగా ఉంటుంది. అక్కడికి వచ్చేసరికి నా చేతులు ఆగిపోయాయి, గొంతులోంచి ఏదో కేక వచ్చింది. పడవ ఆపమన్నాను. టీచరమ్మ ఆపలేదు.

"ఏడువు. ఏడుస్తూ నీళ్ళు కొట్టు" అంది.

ఏడుస్తూనే కొట్టాను. ఆయన్ని పేరుపెట్టి పిలిచి తిట్టాను కూడా. ఆయనుండగా ఒక్కసారైనా పేరుతో పిలవలేదు.

అప్పటికి గట్టు మీద నలుగురు జనం చేరారు. "ముగ్గురు ముండలూ కలిసి చెరువు బతికిస్తార్రా" అని ఎవడో అనడం నాకు నీళ్ళ మీదకి వినబడింది. మా ముగ్గురిలో గట్టు మీద ఉన్నది మామ్మగారు ఒక్కరే, చెరువులో చల్లడానికి సున్నం బస్తా లాగుతున్నారు. అది వదిలేసి, నడుము మీద చెయ్యేసుకుని వాడి ముందుకెళ్ళి, "అవున్రా, ముగ్గురం ముండలమే. మొగాడివి నువ్వున్నావుగా, ఈ బస్తా పట్టు" అన్నారు. వాడు తల దించుకుని బస్తా భుజానికెత్తుకున్నాడు. వాణ్ణి చూసి ఇంకొకడు ఇంజను దగ్గరికి వెళ్ళాడు.

పొద్దెక్కాక మబ్బు విడిచి ఎండ వచ్చింది. అప్పటికి ఒక పక్క చేపలన్నీ చచ్చి తేలిపోయాయి. ఆ వాసన వారం పాటు ఊరిని వదల్లేదు. మిగతావి బతికాయి. నేను గెలిచానని అనుకోలేదు. చచ్చిన చేపల్ని గట్టుకి లాగుతుంటే ఆ పెద్ద పెద్ద బొచ్చెల్ని ఆయన వేలెడు పిల్లలుగా వదిలారన్నదే గుర్తొచ్చింది.

బురద కాళ్ళతో ముగ్గురం దొడ్డిదారిన వచ్చేసరికి పొయ్యి మీద కాగులో నీళ్ళు మరుగుతున్నాయి. అత్తగారు మూడు చీరలు మడతపెట్టి అరుగు మీద ఉంచారు, అందులో ఒకటి తనదే. స్నానాలయ్యాక అన్నాలు వడ్డించారు. వడ్డిస్తూ వడ్డిస్తూ ఆగి, ఎవరి ముఖమూ చూడకుండా, "మీ మావగారు పోయినప్పుడు నా కోసం ఒక్కత్తె ఈ దొడ్డి తలుపు తియ్యలేదు" అన్నారు. పప్పు గిన్నె అక్కడే పెట్టి లోపలికి వెళ్ళిపోయారు. ఆ తరవాత కూడా ఆవిడ ఎన్నడూ మాతో వచ్చి కూర్చోలేదు. మేము నవ్వుకుంటుంటే మాత్రం మళ్ళీ గుమ్మంలోకి రాలేదు. ఒక్కోసారి వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయేది, వింటున్నారని తెలిసేది.

చాలా ఏళ్ళు ఆ చెరువు నేనే చూసుకున్నాను. అమ్మాయి చదువుకుంది, ఉద్యోగంలో చేరి రాజమండ్రిలో ఉంటోంది. అత్తగారు పోయారు. మామ్మగారు ఒక శ్రావణంలో, వాన వెలిసిన మధ్యాహ్నం అరుగు మీద నడుము వాల్చి మళ్ళీ లేవలేదు. ఆవిడకి స్నానం చేయించింది మేమిద్దరమే. దొడ్డి కంచెలు పోయి ఎత్తుగా ప్రహరీలు వచ్చాయి, చెరువులో ఇప్పుడు వేరే వాళ్ళు రొయ్యలు పెంచుతున్నారు, నీళ్ళలో గాలి కలిపే పంకాలు పగలూ రాత్రీ తిరుగుతూనే ఉంటాయి. పదో రోజున రేవుకి తీసుకెళ్ళి గాజులు తీసే పని మా వీధిలో చాలామంది మానేశారు. అది మంచికే. మాలాంటి వాళ్ళు ఎదురొస్తే బండి తిప్పుకునేవాళ్ళూ తగ్గారు. మోటారుసైకిళ్ళ వేగానికి ఎవరు ఎదురొచ్చారో చూసుకునే తీరిక ఎవరికీ లేదు. ఎవరింట్లో ఎవరు అరిచినా పక్కింటికి వినబడని రోజులు కూడా ఇవే.

టీచరమ్మ రిటైరయ్యాక కొడుకు దగ్గరికి కాకినాడ వెళ్ళిపోయింది. ఏటా రెండు మూడుసార్లు కలుసుకునేవాళ్ళం. ఈ మధ్య మతిమరుపు వచ్చిందని కోడలు చెబుతూనే ఉంది గానీ, ఎంత మరిచినా నన్ను మరుస్తుందా అనుకున్నాను. నిన్న సాయంత్రం ఫోను చేశాను. నన్ను గుర్తుపట్టింది. గొంతు హుషారుగానే ఉంది.

"మీ వారు చెరువు నించి వచ్చేశారా?" అని అడిగింది.

మరిచిపోయి అడుగుతోందో, నన్ను ఇంకెవరో అనుకుని అడుగుతోందో అర్థం కాలేదు. మళ్ళీ అదే అడిగింది. "ఇప్పుడే వచ్చారక్కా. కాళ్ళు కడుక్కుంటున్నారు" అన్నాను.

"మా వారింకా రాలేదే. అన్నవరం దాటితే గానీ ఫోను చెయ్యరు. అన్నం చల్లారిపోతోంది" అంది. ఆ గొంతులో కోపం లేదు. పాతికేళ్ళుగా నేను విన్న ఆ తిట్లూ లేవు. కొత్తగా కాపురానికి వచ్చిన పిల్ల ఎదురుచూసినట్టుంది.

"వచ్చేస్తారక్కా, కంగారు పడకు" అన్నాను. సరేనని సంతోషంగా ఫోను పెట్టేసింది.

మా ముగ్గురిలో విధవగా ఇప్పుడు నేనొక్కదాన్నే మిగిలాను.